డీఎల్‌ఎల్ ఎర్రర్ వస్తే ముందు తేల్చుకోవాల్సింది: ఆ ఫైలు ఎవరిది?

కొత్త సాఫ్ట్‌వేర్ ఇన్‌స్టాల్ అయిపోయింది. ఐకాన్ మీద డబుల్ క్లిక్ చేస్తే ప్రోగ్రామ్ తెరుచుకోదు, చిన్న పెట్టె ఒకటి వస్తుంది: ఎంఎస్‌వీసీపీ140.డీఎల్‌ఎల్ ఈ కంప్యూటర్లో లేదు, ప్రోగ్రామ్‌ను మళ్లీ ఇన్‌స్టాల్ చేసి చూడండి. ఎక్కువమంది వెంటనే ఆ పేరును సెర్చ్‌లో వేసి, ముందుగా కనబడ్డ ఉచిత డీఎల్‌ఎల్ సైటు నుంచి ఆ ఒక్క ఫైలు దించుకుని విండోస్ సొంత ఫైళ్లుండే సిస్టమ్32 ఫోల్డర్లో పడేస్తారు. దయచేసి ఆ పని చేయకండి.

డీఎల్‌ఎల్ అంటే బొమ్మలాగో పాటలాగో ఊరికే పడి ఉండే ఫైలు కాదు. అది నడిచే కోడ్, ప్రోగ్రాములు తమ పని కోసం పిలిచి వాడుకునే ముక్క. దాన్ని పిలిచిన ప్రోగ్రామ్‌కు ఏ హక్కులుంటే దానికీ అవే వస్తాయి. సెటప్‌ను అడ్మినిస్ట్రేటర్‌గా నడిపితే, దాంతోపాటు లోడైన ముక్కూమొహం తెలియని డీఎల్‌ఎల్ కూడా అడ్మినిస్ట్రేటరే. పైగా ఆ ఫైలు ఒంటరిది కాదు. ఎంఎస్‌వీసీపీ140 లోడవ్వాలంటే వీసీరన్‌టైమ్140 కావాలి, దానికి మళ్లీ యూసీఆర్‌టీ అనే మరో రన్‌టైమ్ కావాలి. ఒకటి పెడితే రెండోది అడుగుతుంది, రెండోది పెడితే మూడోది. అందుకే పెట్టెలో పేరు కనబడగానే "ఈ ఫైలు ఎక్కడ దొరుకుతుంది" అని వెతక్కండి, "ఇది ఎవరి ఫైలు, ఏ ప్యాకేజీతో వస్తుంది" అని అడగండి. అది తేలితే సగం పని అయిపోయినట్టే.

ఒక మాట: కమాండ్లు, ఫైలు పేర్లు ఇక్కడ తెలుగు లిపిలో రాస్తున్నాను. టైప్ చేసేటప్పుడు ఇంగ్లీషు అక్షరాల్లోనే కొట్టాలి.

విండోస్ డీఎల్‌ఎల్‌ను ఎక్కడెక్కడ వెతుకుతుంది

ప్రతి ఈఎక్స్‌ఈ ఫైలులోనూ ఇంపోర్ట్ టేబుల్ అని ఒక పట్టిక ఉంటుంది. ఏ డీఎల్‌ఎల్‌లు కావాలో, వాటిలోంచి ఏ ఫంక్షన్లు కావాలో పేరుపేరునా అందులో రాసి ఉంటాయి. ప్రోగ్రామ్ మొదటి లైను నడవకముందే విండోస్ లోడర్ ఈ పట్టిక చదివి, అన్నిటినీ మెమరీలోకి తెస్తుంది. ఒక్కటి దొరక్కపోయినా అక్కడితో ఆగిపోతుంది. అంటే ఆ పెట్టెను చూపించేది విండోస్. ప్రోగ్రామ్ ఇంకా మొదలే కాలేదు కాబట్టి దాని సెట్టింగులు ఎంత మార్చినా ఫలితం ఉండదు.

వెతికే వరస మామూలుగా ఇలా ఉంటుంది: ముందు ప్రోగ్రామ్ ఉన్న ఫోల్డర్, తర్వాత సిస్టమ్32, ఆపైన విండోస్ ఫోల్డర్, ప్రస్తుతం పనిచేస్తున్న ఫోల్డర్, చివరికి పాత్ వేరియబుల్ అనే విండోస్ సెట్టింగ్‌లో రాసి ఉన్న ఫోల్డర్లు. కెర్నెల్32, యూజర్32 లాంటి కొన్ని మూల ఫైళ్లకు మాత్రం ఈ వరస వర్తించదు, అవి సిస్టమ్ ఫోల్డర్ నుంచే వస్తాయి.

సొంత ఫోల్డర్‌కే మొదటి చోటు కావడం వల్ల ఇన్‌స్టాలర్ల దగ్గర ఒక చిక్కు ఉంది. సెటప్ ఫైలును డౌన్‌లోడ్స్ ఫోల్డర్ నుంచే నేరుగా నడిపితే, దాని "సొంత ఫోల్డర్" డౌన్‌లోడ్సే అవుతుంది. ఎప్పుడో దించిన వెర్షన్.డీఎల్‌ఎల్ ఒకటి అక్కడ పడి ఉంటే, కొన్ని సెటప్‌లు విండోస్‌లోని అసలు ఫైలును వదిలి దాన్నే ఎత్తుకుంటాయి. అది పాతదైతే సెటప్ కూలిపోతుంది, హానికరమైనదైతే అడ్మిన్ హక్కులతో నడుస్తుంది. సెటప్ ఫైలును ఖాళీ ఫోల్డర్ ఒకటి తెరిచి అందులోకి మార్చి నడపడం నా దృష్టిలో తప్పనిసరి అలవాటు. కారణం తెలియని ఇన్‌స్టాల్ వైఫల్యాలు కొన్ని దీంతోనే తీరిపోతాయి.

32 బిట్, 64 బిట్ గందరగోళం ఇంకోటి. 64 బిట్ విండోస్‌లో సిస్టమ్32 ఫోల్డర్లో ఉండేవి 64 బిట్ ఫైళ్లు, సిస్‌వావ్64 ఫోల్డర్లో ఉండేవి 32 బిట్ ఫైళ్లు. పేర్లు తారుమారైనట్టు కనిపించినా అది పొరపాటు కాదు. అప్పటికే సిస్టమ్32 అనే పాత్ లెక్కలేనన్ని ప్రోగ్రాముల కోడ్‌లో పాతుకుపోయి ఉంది, 64 బిట్‌కు మారినా ఆ పేరు చెడకూడదని అలాగే ఉంచేశారు. 32 బిట్ ప్రోగ్రామ్ సిస్టమ్32ను అడిగితే విండోస్ చప్పుడు చేయకుండా సిస్‌వావ్64కి మళ్లిస్తుంది. కాబట్టి 32 బిట్ ప్రోగ్రామ్ కోసం సిస్టమ్32లో ఫైలు పెడితే దాని కంటికే పడదు. తప్పు రకం ఫైలు కంటబడితే మరో పెట్టె వస్తుంది: 0ఎక్స్‌సీ000007బీ.

ఆ నంబర్లు ఏం చెబుతున్నాయి

నంబరు చూసి క్లోజ్ కొట్టేస్తారు గానీ, దారి చూపేది అదే. 0ఎక్స్‌సీ0000135 అంటే డీఎల్‌ఎల్ అసలు దొరకలేదు. 0ఎక్స్‌సీ0000139 అంటే ఫైలు ఉంది, కావలసిన ఫంక్షన్ అందులో లేదు; అంటే వెర్షన్ తేడా. 0ఎక్స్‌సీ0000142 అంటే ఫైలు లోడైంది గానీ మొదలయ్యేటప్పుడు విఫలమైంది. 0ఎక్స్‌సీ000007బీ అంటే చాలాసార్లు 32, 64 కలిసిపోయాయి, కొన్నిసార్లు ఫైలు పాడైంది. ప్రోగ్రాములు తమ సొంత పెట్టెల్లో చూపించే చిన్న నంబర్లు కూడా ఇవే సంగతులు చెబుతాయి: 126 దొరకలేదు, 127 ఫంక్షన్ లేదు, 193 ఫైలు రకం సరికాదు, 1114 మొదలవలేదు.

126 దగ్గర కాస్త ఆగాలి, ఎక్కువమందిని తప్పుదారి పట్టించేది ఇదే. పెట్టెలో ఒక ప్లగిన్ పేరు చెప్పి "లోడ్ చేయలేకపోయాం, మాడ్యూల్ దొరకలేదు" అంటుంది. ఫోల్డర్ తెరిచి చూస్తే ఆ ఫైలు అక్కడే ఉంటుంది. నిజానికి దొరకనిది అది కాదు, అది ఆధారపడ్డ మరో ఫైలు. విండోస్ ఆ రెండో పేరు చెప్పదు. ఉన్న ఫైలునే తీసేసి మళ్లీ మళ్లీ పెట్టుకుంటూ పోతే ఎంతకీ తెగదు.

ఆ రెండో పేరు పట్టుకోవడానికి సిసింటర్నల్స్ వారి ప్రాసెస్ మానిటర్ చాలు. మైక్రోసాఫ్ట్ ఉచితంగానే ఇస్తుంది. అడ్మినిస్ట్రేటర్‌గా తెరిచి, ఫిల్టర్‌లో రెండు షరతులు పెట్టండి: ప్రాసెస్ నేమ్ మీ ప్రోగ్రామ్ ఈఎక్స్‌ఈ పేరు అయి ఉండాలి, పాత్ చివర .డీఎల్‌ఎల్ ఉండాలి. ఇప్పుడు ప్రోగ్రామ్ నడిపి, ఎర్రర్ రాగానే కంట్రోల్ ఈ నొక్కి రికార్డింగ్ ఆపండి. రిజల్ట్ నిలువు వరసలో నేమ్ నాట్ ఫౌండ్ అని బోలెడు కనిపిస్తాయి, కంగారు పడొద్దు. ఒక ఫోల్డర్లో లేకపోతే తర్వాతి దాంట్లో వెతకడం లోడర్‌కు మామూలే. మీరు చూడాల్సింది చివరి నుంచి పైకి: ఒకే పేరు ప్రోగ్రామ్ ఫోల్డర్లో, సిస్టమ్32లో, విండోస్ ఫోల్డర్లో, పాత్‌లోని ప్రతి ఫోల్డర్లో వరసగా నేమ్ నాట్ ఫౌండ్ అయి, ఎక్కడా సక్సెస్ రాకుండా ముగిసిందా? ముద్దాయి అదే.

డిపెండెన్సీ వాకర్ అనే పాత పనిముట్టు వాడేవాళ్లు ఇంకా ఉన్నారు. విండోస్ 10, 11లో అది ఏపీఐ-ఎంఎస్-విన్ అని మొదలయ్యే డజన్ల కొద్దీ పేర్లు లేవని ఎర్రగా చూపిస్తుంది. ఆ పేర్లు చాలావరకు ఫైళ్లు కావు, లోడర్ తనంతట తాను అసలు ఫైలుకు కలిపే మారుపేర్లు. ఆ జాబితాను నమ్మి ఏదీ దించుకోవద్దు. దాని బదులు డిపెండెన్సీస్ అనే ఓపెన్ సోర్స్ పనిముట్టు వాడండి, దానికి ఈ సంగతి తెలుసు.

రన్‌టైమ్ ఫైళ్లు

విజువల్ సీ ప్లస్ ప్లస్ లాంటి పనిముట్లతో చేసిన ప్రోగ్రాములు నడవడానికి కావలసిన ఉమ్మడి ఫైళ్లివి. డీఎల్‌ఎల్ లేదనే ఫిర్యాదుల్లో పెద్ద వాటా వీటిదే. పేరులోని నంబరే ప్యాకేజీని పట్టిస్తుంది. ఎంఎస్‌వీసీఆర్ 80 విజువల్ సీ ప్లస్ ప్లస్ 2005ది, 90 అయితే 2008, 100 అయితే 2010, 110 అయితే 2012, 120 అయితే 2013. నంబరు 140 అయితే 2015 నుంచి ఇటు వచ్చినవన్నీ ఒకే కుటుంబం, సరికొత్త రీడిస్ట్రిబ్యూటబుల్ (ఈ ఫైళ్లన్నీ కలిపి మైక్రోసాఫ్ట్ ఇచ్చే ప్యాకేజీ) ఒక్కటి పెడితే అన్నిటికీ సరిపోతుంది. 2013, అంతకు ముందువి మాత్రం ఒకదానికొకటి పనికిరావు, దేనిది దానికే పెట్టాలి. 64 బిట్ విండోస్‌లో ఎక్స్86 (32 బిట్‌ది), ఎక్స్64 (64 బిట్‌ది) రెండూ పెట్టండి. "నాది 64 బిట్ మెషీన్ కదా" అని ఒక్కటే పెట్టి వదిలేయడం తరచూ జరిగే పొరపాటు. చూడాల్సింది ప్రోగ్రామ్ ఎన్ని బిట్‌లదని, మెషీన్ ఎన్ని బిట్‌లదని కాదు.

వీసీరన్‌టైమ్140_1.డీఎల్‌ఎల్ అడిగితే మాత్రం ఒక ప్రత్యేక సంగతి. వీసీరన్‌టైమ్140 ఉంటుంది, చివర _1 ఉన్నది ఉండదు. ఆ ఫైలు 2019 వెర్షన్‌తో వచ్చింది. మీ దగ్గర పాత 2015 లేదా 2017 ప్యాకేజీ ఉందన్నమాట. కొత్తది పైన పెట్టేస్తే సరి. దీనికి తిరగబడ్డ కేసు కూడా ఉంది. మెషీన్‌లో కొత్తది ఉన్నప్పుడు ఒక పాత సెటప్ తనతో తెచ్చుకున్న పాత రీడిస్ట్రిబ్యూటబుల్‌ను పెట్టబోతుంది. 0ఎక్స్80070666 వస్తుంది. ఇంకో వెర్షన్ ఇప్పటికే ఉందని దాని అర్థం, మీకు కావలసింది ఉన్నట్టే. సెటప్ దాన్ని వైఫల్యంగా తీసుకుని ఆగిపోతే, కొత్త రీడిస్ట్రిబ్యూటబుల్‌ను తీసేసి, సెటప్ పూర్తి చేసి, తర్వాత మళ్లీ కొత్తది పెట్టుకోండి.

ఫైలు పేరు చివర డీ ఉందేమో కూడా చూడండి: ఎంఎస్‌వీసీపీ140డీ, యూసీఆర్‌టీబేస్‌డీ. ఇవి డీబగ్ ఫైళ్లు, అంటే ప్రోగ్రామ్ తయారుచేసేవాళ్లు తప్పులు వెతికేందుకు వాడుకునేవి; ఏ రీడిస్ట్రిబ్యూటబుల్‌లోనూ రావు. తయారుచేసినవాళ్లు పొరపాటున డీబగ్ బిల్డ్ పంపించారు. మీ వైపు చేయగలిగింది ఏమీ లేదు, రిలీజ్ బిల్డ్ ఇమ్మని వాళ్లనే అడగాలి.

డీ3డీఎక్స్9_43, ఎక్స్‌ఇన్‌పుట్1_3 లాంటివి డైరెక్ట్‌ఎక్స్ పాత ముక్కలు. విండోస్ 11లో డైరెక్ట్‌ఎక్స్ 12 ఉన్నా ఇవి దాంతో రావు. 2010 జూన్ నాటి డైరెక్ట్‌ఎక్స్ ఎండ్ యూజర్ రన్‌టైమ్ ప్యాకేజీ పెట్టాలి. దాన్ని డబుల్ క్లిక్ చేస్తే ముందు ఏదో ఒక ఫోల్డర్ అడిగి ఫైళ్లు విప్పుతుంది, అంతే. అక్కడితో ఇన్‌స్టాల్ అయిపోయిందనుకుని మూసేస్తే లాభం లేదు. ఆ ఫోల్డర్ తెరిచి అందులోని డీఎక్స్‌సెటప్‌ను నడపాలి.

విండోస్ సొంత ఫైళ్లు

పోయింది నిజంగా విండోస్ ఫైలే అయితే బయటి నుంచి తేవాల్సిన పని లేదు. కమాండ్ ప్రాంప్ట్‌ను అడ్మినిస్ట్రేటర్‌గా తెరిచి ముందు డిసమ్ స్లాష్ ఆన్‌లైన్ స్లాష్ క్లీనప్-ఇమేజ్ స్లాష్ రీస్టోర్‌హెల్త్, అది పూర్తయ్యాక ఎస్‌ఎఫ్‌సీ స్లాష్ స్కాన్‌నౌ. వరస ముఖ్యం. ఎస్‌ఎఫ్‌సీ మంచి కాపీలను తెచ్చుకునేది విండోస్ లోపలి కాంపోనెంట్ స్టోర్ నుంచి. ఆ స్టోరే పాడైతే దాన్ని బాగుచేసేది డిసమ్. ఎస్‌ఎఫ్‌సీ ఏం చేసిందన్నది విండోస్ ఫోల్డర్లోని లాగ్స్, అందులో సీబీఎస్ ఫోల్డర్లో ఉన్న సీబీఎస్.లాగ్‌లో దొరుకుతుంది.

అయితే పెట్టెలో కెర్నెల్32 పేరు కనబడినంత మాత్రాన విండోస్ పాడైనట్టు కాదు. విండోస్ 7లో కొత్త ప్రోగ్రామ్ నడిపితే "గెట్‌సిస్టమ్‌టైమ్‌ప్రిసైజ్‌యాజ్‌ఫైల్‌టైమ్ అనే ఎంట్రీ పాయింట్ కెర్నెల్32లో లేదు" అని వస్తుంది. ఆ ఫంక్షన్ విండోస్ 8తో వచ్చింది. విండోస్ 7 కెర్నెల్32లో అది ఉండదు, ఉండే అవకాశమూ లేదు. ఎన్ని రిపేర్లు చేసినా, ఇంకో మెషీన్ నుంచి కెర్నెల్32 తెచ్చి పెట్టబోయినా ఫలితం ఉండదు, పెట్టగలిగితే విండోసే లేవదు. ఆ ప్రోగ్రామ్ పాత వెర్షన్ వెతుక్కోవాలి, లేదా విండోస్ మార్చాలి.

ఇన్‌స్టాలర్ తనకోసం తెచ్చుకునే ఫైళ్లు

ప్రోగ్రామ్ ఫైళ్లు కాకుండా, సెటప్ తన పని కోసం కొన్ని డీఎల్‌ఎల్‌లు తెచ్చుకుంటుంది. ఇన్నో సెటప్ అనే పనిముట్టుతో చేసిన సెటప్ అయితే టెంప్ (తాత్కాలిక ఫైళ్ల) ఫోల్డర్లో ఐఎస్ గీత అని మొదలయ్యే .టీఎంపీ ఫోల్డర్ చేసి అందులో విప్పుతుంది. ఎన్‌సిస్ అనే మరో పనిముట్టుతో చేసినదైతే ఎన్‌ఎస్ అని మొదలయ్యే ఫోల్డర్లో, సిస్టమ్.డీఎల్‌ఎల్ లాంటి ప్లగిన్లతో. ఎంఎస్‌ఐ ప్యాకేజీలు (విండోస్ ఇన్‌స్టాలర్ రకం సెటప్‌లు) కస్టమ్ యాక్షన్ డీఎల్‌ఎల్‌లను, అంటే సెటప్ మధ్యలో ప్రత్యేక పనులు చేసేవాటిని, తాత్కాలికంగా విప్పి నడుపుతాయి. పని అయ్యాక అన్నీ చెరిగిపోతాయి. కాబట్టి ఇలాంటి పేరు ఎర్రర్‌లో కనబడితే సిస్టమ్32కు దాంతో సంబంధమే లేదు. ఎంఎస్‌ఐలో 1723 అనే ఎర్రర్, "ఇన్‌స్టాల్ పూర్తికావడానికి కావలసిన డీఎల్‌ఎల్‌ను నడపలేకపోయాం" అనేది, ఈ కోవదే.

కారణాలు నాలుగైదుకు మించవు. యాంటీవైరస్ ఆ ఫైలును విప్పిన మరుక్షణమే పట్టేసింది. దాని క్వారంటైన్ జాబితాలో చూస్తే తెలిసిపోతుంది. టెంప్‌లో ఏ ప్రోగ్రామూ నడవకూడదని ఆఫీసు పాలసీ పెట్టి ఉంది. డ్రైవ్ నిండిపోయింది. టెంప్ వేరియబుల్ ఇప్పుడు లేని డ్రైవ్ వైపు చూపిస్తోంది. లేదా యూజర్ పేరు ఇంగ్లీషు కాని లిపిలో ఉండి, పాత ఇన్‌స్టాలర్ ఆ పాత్‌ను చదవలేకపోతోంది. చివరి మూడింటికీ మందు ఒకటే. ఖాళీ ఉన్న డ్రైవ్ మొదట్లో టెంప్ అని ఫోల్డర్ చేయండి. అడ్మిన్ కమాండ్ ప్రాంప్ట్‌లో సెట్ కమాండ్‌తో టెంప్, టీఎంపీ రెండు వేరియబుల్స్‌నూ దానివైపు తిప్పండి. సెటప్‌ను అదే కిటికీలోంచి నడపండి. ఆ కిటికీ మూసేస్తే పాత సెట్టింగే ఉంటుంది, శాశ్వతంగా ఏదీ మారదు.

ఎంఎస్‌ఐ ఎందుకు ఆగిందో తెలియకపోతే లాగ్ రాయించండి: ఎంఎస్‌ఐఎగ్జెక్ స్లాష్ ఐ, ప్యాకేజీ పేరు, స్లాష్ ఎల్ స్టార్ వీ, లాగ్ ఫైలు పేరు. వచ్చిన ఫైలు వేల లైన్లుంటుంది, అంతా చదవనక్కర్లేదు. రిటర్న్ వాల్యూ 3 అని వెతికి, దానికి సరిగ్గా పైనున్న పది ఇరవై లైన్లు చూడండి. విఫలమైన యాక్షన్ పేరు అక్కడే ఉంటుంది. పెట్టెలో చూపించే 1603 వల్ల ఏమీ తెలియదు, "ఏదో విఫలమైంది" అనడానికి మించి దానికి అర్థం లేదు.

ఎంఎస్‌ఐలోనే 1904 అంటే ఫైలు పెట్టడం అయింది, దాన్ని విండోస్‌లో నమోదు చేయడం, అంటే రిజిస్టర్ చేయడం కాలేదు. రెగ్‌ఎస్‌వీఆర్32 అనే విండోస్ కమాండ్‌తో మీరే చేసి చూస్తే అసలు కారణం బయటపడుతుంది. మాడ్యూల్ లోడవలేదంటే దాని డిపెండెన్సీ ఏదో లేదు, ప్రాసెస్ మానిటర్ దగ్గరికి వెళ్లండి. 0ఎక్స్80070005 అంటే అడ్మిన్ హక్కులు లేవు. లోడైంది గానీ డీఎల్‌ఎల్‌రిజిస్టర్‌సర్వర్ ఎంట్రీ పాయింట్ లేదంటే అది రిజిస్టర్ చేసే రకం ఫైలే కాదు. ఎంఎస్‌వీసీపీ140ని రిజిస్టర్ చేయమని సలహాలిచ్చేవాళ్లు చాలామంది కనిపిస్తారు. దానికి ఆ పనే అక్కర్లేదు. 32 బిట్ డీఎల్‌ఎల్ అయితే సిస్‌వావ్64లోని రెగ్‌ఎస్‌వీఆర్32 వాడండి.

పెద్ద పెద్ద ఆర్కైవ్‌లు విప్పే సెటప్‌లలో ఎర్రర్ పెట్టెలో ఐఎస్‌డన్, అన్‌ఆర్క్ అనే రెండు పేర్లు వస్తుంటాయి. అన్‌ఆర్క్.డీఎల్‌ఎల్ పని ఫ్రీఆర్క్ ఆర్కైవ్‌ను విప్పడం. దాన్ని దించుకుని పెట్టుకోవడం వల్ల లాభం సున్నా, ఎందుకంటే అది ఉంది, నడుస్తోంది, తనకు ఎదురైన ఇబ్బందిని చెబుతోంది. కోడ్ మైనస్ 5 అయితే మెమరీ చాల్లేదు. పేజింగ్ ఫైలు (ర్యామ్ చాలనప్పుడు విండోస్ డిస్కు మీద వాడుకునే జాగా) ఆపేసి ఉంటే తిరిగి ఆన్ చేయండి. మైనస్ 11 అయితే డిస్కు మీద రాయలేకపోయింది. ఖాళీ జాగా, ఫోల్డర్ అనుమతులు, యాంటీవైరస్ చూడండి. మైనస్ 7, మైనస్ 12 అంటే డేటా పాడైంది, లేదా చెక్‌సమ్ కలవలేదు. ఇక్కడ ఒక చిన్న పరీక్ష చాలా విషయం చెబుతుంది. సెటప్‌ను మూడుసార్లు నడపండి. ప్రతిసారీ ఒకే ఫైలు దగ్గర ఆగితే ఆర్కైవే పాడైనట్టు, లేదా డిస్కు అక్కడ సరిగా చదవడం లేదన్నట్టు. సర్ట్‌యుటిల్ గీత హ్యాష్‌ఫైల్‌తో ఎస్‌హెచ్‌ఏ256 (ఫైలుకు వేలిముద్ర లాంటి సంఖ్య) తీసి, ఇచ్చినవాళ్లు ప్రకటించిన దాంతో పోల్చి, తేడా ఉంటే మళ్లీ దించుకోండి. ఒక్కోసారి ఒక్కో ఫైలు దగ్గర ఆగితే అనుమానించాల్సింది ర్యామ్‌ను. బయోస్‌లో ర్యామ్ వేగం పెంచే ఎక్స్‌ఎంపీ ప్రొఫైల్ ఆన్‌లో ఉంటే ఆపేసి చూడండి, తర్వాత ఎండీస్కెడ్ అని కొట్టి విండోస్ మెమరీ టెస్ట్ పెట్టండి. మామూలు వాడకంలో బయటపడని ర్యామ్ లోపం, గిగాబైట్ల డేటా విప్పేటప్పుడు బయటపడుతుంది.

తీసేసేటప్పుడు అడిగే ప్రశ్న

ఒక ప్రోగ్రామ్‌ను అన్‌ఇన్‌స్టాల్ చేస్తుంటే మధ్యలో ఒక పెట్టె వస్తుంది: ఈ షేర్డ్ ఫైలును ఇంకెవరూ వాడటం లేదు, తీసేయమంటారా? విండోస్ ఈ లెక్కను రిజిస్ట్రీలో హెచ్‌కీ లోకల్ మెషీన్, సాఫ్ట్‌వేర్, మైక్రోసాఫ్ట్, విండోస్, కరెంట్‌వెర్షన్ కింద షేర్డ్‌డీఎల్‌ఎల్స్ అనే చోట ఉంచుతుంది. ఎడమవైపు ఫైలు పూర్తి పాత్, కుడివైపు ఒక అంకె. దాన్ని వాడే ప్రోగ్రామ్‌ను పెట్టిన ఇన్‌స్టాలర్ ఒకటి కలుపుతుంది, తీసేటప్పుడు ఒకటి తగ్గిస్తుంది. సున్నా అయితే ఆ ప్రశ్న వస్తుంది.

ఈ లెక్క నిజాయతీగా పాటించినవాళ్ల వల్లే నిలబడుతుంది. జిప్‌లోంచి విప్పుకుని వాడే పోర్టబుల్ ప్రోగ్రామ్ ఏమీ కలపదు. ఒకే సెటప్‌ను రెండుసార్లు నడిపితే అంకె అవసరానికి మించి పెరిగిపోవచ్చు. రిజిస్ట్రీ క్లీనర్లు ఈ పట్టికలో వేలు పెడతాయి. కాబట్టి సున్నా అని ఉన్నా ఎవరో ఒకరు వాడుతూ ఉండొచ్చు. పాత్ చూడండి: ఫైలు సిస్టమ్32లోనో సిస్‌వావ్64లోనో కామన్ ఫైల్స్‌లోనో ఉంటే నో నొక్కండి, మిగిలిపోయే ఫైలు వల్ల పోయేది కాస్త డిస్కు జాగా మాత్రమే. తీసేస్తున్న ప్రోగ్రామ్ సొంత ఫోల్డర్లో ఉంటే యస్ నొక్కొచ్చు.